పాచిపనికి చేపలా?

“అడుగున తిరిగే మీసాల చేపలకి వేరే తిండెందుకండీ, మిగతావాటి ఎంగిలి తిని తొట్టి శుభ్రం చేస్తాయిగా!” అనే పెద్దమనుషుల్ని చూస్తే నాకు ఒళ్లు మండుతుంది. జీతం బత్తెం లేని పనిమనిషి దొరికిందన్న సంబరం కాకపోతే ఏమిటిది? దక్షిణ అమెరికా నదుల్లో ఇసుక తవ్వి పురుగూ పుట్రా తినే కోరిడోరాస్ చేపలవి. తోటి చేపల మలం ముట్టవు. పైన చల్లిన తిండి అడుగుకి చేరేలోపే గప్పీలు స్వాహా చేస్తాయి. అందరి భోజనాలూ అయ్యాక గిన్నె గీక్కునే కోడలి బతుకే వీటిదీనూ! ఉండుండి పైకి దూసుకొస్తాయే, అది ఆడుకోవడం కాదు, గాలి మింగడానికి. నీట మునిగే బిళ్లలు బజార్లో దొరుకుతాయి. రాత్రి దీపం ఆర్పాక నాలుగు వేయండి. మిగిలితే పొద్దున్నే తీసేయండి. ఆ పాచిపని మాత్రం మీదే.