'ఎ' ముద్ర పోస్టరుకేనా?

పెనుకొండ, ధర్మవరం వైపు జనానికి హత్యలు, బాంబులు చూడడానికి సినిమా హాలుకు వెళ్లవలసిన పని ఒకప్పుడు ఉండేది కాదు. పెనుకొండ ఎమ్మెల్యే పరిటాల రవీంద్ర 2005 జనవరి 24న అనంతపురంలో హత్యకు గురయ్యారు. ఆ కక్షల కథనే రాంగోపాల్ వర్మ 2010లో 'రక్త చరిత్ర'గా రెండు భాగాలు తీశారు. 1992లో 'రాత్రి'తో జడిపించిందీ ఆయనే. దెయ్యం కల్పితమని పిల్లవాడికి చెప్పవచ్చు. వేటకొడవలి కల్పితమని ఈ సీమలో ఎలా చెప్పడం?

సెన్సారు వారు 'ఎ' సర్టిఫికెట్ ఇచ్చారు. అటువంటి బొమ్మను 18 ఏళ్లు నిండనివారికి చూపితే హాలు వారు 1952 నాటి సినిమాటోగ్రాఫ్ చట్టాన్ని ఉల్లంఘించినట్టే. చట్టం గట్టిదే. గేటు దగ్గర టిక్కెట్టు చింపే మనిషి వయసు అడగడమే అరుదు. తండ్రి చంకలో బిడ్డ ఉంటే అసలే అడగడు.

కత్తిరింపులు పెంచాలని కొందరంటారు. అది సరికాదు. నెత్తురు మాత్రం కత్తిరించి, కొడవలి పట్టినవాణ్ణి వీరుడిగా మిగిల్చే సినిమాల కన్నా చావును చావుగా చూపేది మేలు. పైగా మలయాళ 'మార్కో'కు 2025లో టీవీ ప్రసారానికి సెన్సారు అనుమతి నిరాకరించేనాటికే అది సెల్‌ఫోన్లలో ఉంది.

2023 సవరణతో 'యు/ఎ'ను 7, 13, 16 ఏళ్లుగా విడగొట్టారు. పోస్టరు మూలన చీమంత అంకె ఎవరికి కనబడుతుంది? కొత్త కత్తెర కన్నా ముందు గేటు దగ్గర తనిఖీ కావాలి. హిందూపురమైనా, ధర్మవరమైనా, 'ఎ' బొమ్మ ఆడే రోజుల్లో రెవెన్యూ, పోలీసు అధికారులు ఫస్టు షోకు వెళ్లి నిలబడాలి.