పెద్దల ప్రశ్నలు - పిల్లల జవాబులు

పెద్దలు పిల్లలను మందలించునపుడు వేయు ప్రశ్నలలో చాలవఱకు జవాబు కోరునవి కావు. "డబ్బులు చెట్లకు కాస్తున్నాయా?" అని తండ్రి గద్దించును. "నీకు తలకాయ ఉందా?" అని తల్లి విసుగుకొనును. నాలుగేండ్ల బిడ్డకు ఈ మర్మము తెలియదు. అడిగిరి గనుక చెప్పవలెనని తలచి, చేయెత్తి తల తడవి చూచుకొని, "ఉందమ్మా" అనును. ఇల్లంతయు నవ్వును. ఒక్కొక్క యింట మాత్రము ఈ జవాబునకు చెంపదెబ్బయే బహుమానము!

ఆ దెబ్బ అన్యాయమైనది. బిడ్డ ఎదురు చెప్పలేదు. విన్న మాటను ఉన్నదున్నట్లు నమ్మినది, అంతే.

కొంచెము పెద్దవాడు డబ్బుల ప్రశ్నకు, "కాగితం చెట్టునుంచే కదా నాన్నా, వచ్చేది!" అనెననుకొనుడు. తండ్రి వాని నోరు మూయింపవచ్చును. లేదా, "కాదురా, మన నోట్ల కాగితం పత్తితో చేస్తారు" అని చెప్పవచ్చును. అంతట వాడు, "పత్తి మాత్రం చెట్టుకు కాయదా?" అనక మానడు. తండ్రి ఓడిపోవును. కాని నోటు దేనితో చేయుదురో ఆ పిల్లవాడు ఇక మఱువడు.

రష్యా దేశపు రచయిత కొర్నేయ్ చుకోవ్‌స్కీ (1882-1969) పసివారి మాటలను ఏండ్ల తరబడి సేకరించి, 1928లో గ్రంథముగా వెలువరించెను. తరువాత అది 'రెండు నుండి ఐదు వఱకు' అను పేర ప్రసిద్ధి కెక్కెను. ఆయన కుమార్తె రెండేండ్లు నిండకముందే ఒకనాడు వచ్చి, కుక్క మ్యావుమన్నదని చెప్పి నవ్వెను. తలక్రిందుల మాటలు పిల్లల బుద్ధిని చెఱచునని ఆ కాలమున కొందఱు వాదించిరి. ఆయన ఒప్పుకొనలేదు. కుక్క ఎట్లు అఱచునో చక్కగా తెలిసిన బిడ్డకే ఆ నవ్వు వచ్చునని ఆయన వాదము. ఇది సమంజసముగనే యున్నది.

అయితే చుట్టములు వచ్చినపుడెల్ల బిడ్డ మాటను మరల మరల చెప్పించి నవ్వు తల్లిదండ్రులును కలరు. ఇది చెంపదెబ్బకంటెను చెడ్డది. అట్టి యింట బిడ్డ క్రమముగా మాటలాడుటయే మానుకొనును.

తెలుగు అవ్వలకు ఈ విద్య పుట్టుకతో వచ్చినది. ఏడు చేపల కథలో ఎండని చేపను, ఏల ఎండలేదని అడుగుట ఎంత వింత! అయినను, చేప మాటలాడునా అని ఏ మనుమరాలును అడ్డు చెప్పదు. ఒకరిపై నొకరు తప్పు త్రోయుచుండగా విచారణ చీమ వఱకు సాగును. అవ్వ చీమపుట్ట కడకు చేరునప్పటికి మనుమరాలి వ్రేలు ముందే సిద్ధముగా నుండును.