రాజు ముందరి బంటు

చదరంగం మన దేశంలో పుట్టి, పారశీక, అరబ్బు దేశాల మీదుగా ఐరోపా చేరి, అక్కడ రూపం మార్చుకొని తిరిగి మన ముంగిటికి వచ్చిన క్రీడ. మన పెద్దలు అరుగుల మీద ఆడిన పాత పద్ధతిలో బంటు సాధారణంగా మొదటి ఎత్తులో సైతం ఒక్క గడి మాత్రమే కదిలేది. అంతర్జాతీయ నియమాల ప్రకారం తొలిసారి కదిలే బంటు రెండు గడులు ముందుకు సాగవచ్చు. చిన్నదిగా కనిపించే ఈ మార్పు ఆట స్వభావాన్నే మార్చివేసింది. రాజు ముందరి బంటు ఒక్క అంగలో బల్ల నడిబొడ్డుకు చేరుతుంది. అటుపక్క బంటు కూడా అలాగే ఎదురువస్తే రెండు సైన్యాలు తొలి ఎత్తులోనే ముఖాముఖి నిలుస్తాయి.

కళాశాల పోటీలలోను, పట్టణాల్లోని చదరంగ క్లబ్బులలోను ఆడడం మొదలుపెట్టిన విద్యార్థి ముందుగా ఏ ప్రారంభాన్ని అభ్యసించాలి? ప్రారంభమంటే ఆటలోని మొదటి పది పన్నెండు ఎత్తులు. కృష్ణా డెల్టాలోని రైతుబిడ్డకు దాని ప్రాధాన్యాన్ని వివరించనక్కరలేదు. నారుమడి సరిగా పోయని వానికి నాట్ల వేళ ఎంత శ్రమించినా ఫలితం అంతంత మాత్రమే. చదరంగంలో ఆ నారుమడి రాజు ముందరి బంటుతో మొదలుకావాలని నా దృఢమైన అభిప్రాయం.

అందుకు కారణాలున్నాయి. రాజు ముందరి బంటును ఇ4 గడికి జరపగానే వెనుకనున్న మంత్రికి, బిషప్ అని నేడు పిలుస్తున్న శకటానికి ఒకేసారి దారి తెరుచుకొంటుంది. రెండు మూడు ఎత్తులలో గుర్రం, శకటం బయటికి వచ్చి రాజు కోట కట్టుకోవడానికి వీలు చిక్కుతుంది. అయితే మంత్రి ముందరి బంటు రెండు గడులు నడిచినప్పుడు దాని వెనుక మంత్రి కాపు ఉంటుంది. రాజు ముందరి బంటుకు ఆ కాపు లేదు. అందుచేతనే ఈ ఆటలో పోరు త్వరగా రాజుకొంటుంది. చేసిన తప్పుకు శిక్ష వెంటనే పడుతుంది. నేర్చుకొనేవానికి ఇంతకు మించిన గురువు లేడు. నలభై ఎత్తుల తరువాత బయటపడే తప్పు కంటె ఎనిమిదో ఎత్తులో బయటపడిన తప్పే మనసులో నాటుకొంటుంది.

ఈ ప్రారంభాలలో ఇటాలియన్, స్పానిష్ పద్ధతులు రెండూ ప్రాచీనమైనవి. మొదటిదానిని 17వ శతాబ్దంలో ఇటలీకి చెందిన గ్రెకో తన వ్రాతప్రతులలో విశదీకరించాడు. రెండవదానికి 1561లో చదరంగంపై గ్రంథం ప్రకటించిన స్పెయిన్ మతాచార్యుడు రూయ్ లోపెజ్ పేరు స్థిరపడింది. రెండింటిలోను తెల్ల గుర్రం నల్ల బంటును బెదిరిస్తుంది; నల్ల గుర్రం ఆ బంటును కాపాడుతుంది. మూడవ ఎత్తులో దారులు చీలుతాయి. ఇటాలియన్ పద్ధతిలో శకటం ఎఫ్7 గడిపై గురిపెడుతుంది. ఆట మొదట్లో ఆ గడికి రాజు తప్ప మరో కాపు లేదు. స్పానిష్ పద్ధతిలో శకటం బంటును కాపాడే నల్ల గుర్రం మీదికే పోతుంది.

ఇక్కడనే బట్టీయానికి, అవగాహనకు ఉన్న అంతరం తేటతెల్లమవుతుంది. శకటం గుర్రాన్ని చంపితే బంటుకు కాపు పోయినట్లే కదా, ఆ బంటును వెంటనే ఊరికే కొట్టవచ్చునని కొత్త ఆటగాడు సంబరపడతాడు. తీరా కొట్టిన తరువాత నల్ల మంత్రి నడిమికి వచ్చి తెల్ల గుర్రాన్ని, రాజు బంటును ఒకేసారి బెదిరిస్తుంది. పోయిన బంటు తిరిగి నల్లవారికే దక్కుతుంది. వరుసను కంఠస్థం చేసినవాడు ఈ చోట దిగ్భ్రమ చెందుతాడు. కారణం తెలిసినవాడు మాత్రం ముందుగా కోట కట్టి, తన బంటుకు జరుగబోయే ముప్పును తొలగించుకొని, ఆ పిమ్మటనే దాడి సంగతి ఆలోచిస్తాడు.

ఈ కుటుంబంలోనే త్యాగం విలువను బోధించే ఎత్తులు కూడా ఉన్నాయి. ఓడలు నడిపిన నావికుడు ఇవాన్స్ 1820ల దశకంలో ఇటాలియన్ పద్ధతిలో ఒక బంటును బలిపెట్టి కాలాన్ని సంపాదించే మార్గం కనిపెట్టాడు. 1995లో రీగా నగరంలో కాస్పరోవ్ ఆ పాత ఆయుధాన్నే బయటికి తీసి మన విశ్వనాథన్ ఆనంద్‌ను 25 ఎత్తులలో ఓడించాడు. అమెరికా దేశీయుడైన మార్ఫీ 1858లో పారిస్ సంగీత నాటకశాలలో ఆడిన ఆట కేవలం 17 ఎత్తులది. చివరికి మంత్రిని సైతం అర్పించి ఆట కట్టించిన ఆ ఒక్క ఆటను శ్రద్ధగా పరిశీలిస్తే, బలగాలన్నిటినీ త్వరగా రంగంలోకి దించడం ఎంత అవసరమో తెలిసివస్తుంది.

దీనికి అభ్యంతరాలు లేకపోలేదు. సాగరసంగమ క్షేత్రమైన హంసలదీవి ఉన్న కృష్ణా జిల్లాలోనే గుడివాడ ఉంది. 1987లో అక్కడ జన్మించిన కోనేరు హంపి తండ్రి అశోక్ శిక్షణలో ఎదిగి, 2002లో 15 ఏళ్ల ప్రాయంలో గ్రాండ్‌మాస్టర్ అయ్యారు. 2019లోను, 2024లోను ప్రపంచ ర్యాపిడ్ విజేతగా నిలిచారు. ఆమె ప్రధానంగా మంత్రి ముందరి బంటుతో ఆటను ఆరంభించే క్రీడాకారిణి. మన జిల్లా ఆడపడుచే ఆ దారిలో నడిచి జగజ్జేత కాగా మనకు ఈ దారి ఎందుకని ఎవరైనా ప్రశ్నించవచ్చు. ప్రశ్న సమంజసమే. అయితే పరిణతి చెందిన క్రీడాకారుడు తన స్వభావానికి తగిన ఆయుధాన్ని ఎంచుకొంటాడు. అభ్యాసకుని అవసరం వేరు. అతనికి కావలసింది అన్ని అవయవాలకు పని కల్పించే వ్యాయామం. ఎదుటివారు ఏమి ఆడినా ఒకే వరుసలో పావులను పేర్చుకొనే సులభ పద్ధతులు ఒకటి రెండు విజయాలను ఇవ్వవచ్చును గాని, ఆలోచించే అలవాటును ఇవ్వవు.

కంప్యూటర్ ప్రతి ఎత్తునూ లెక్కకట్టి చెబుతున్న కాలంలో పాత ప్రారంభాల అధ్యయనం వృథా అన్నది మరో వాదం. యంత్రం ఏది మంచి ఎత్తో చెబుతుంది. ఎందుకు మంచిదో మనమే తెలుసుకోవాలి. పోటీ బల్ల ముందు కూర్చున్నప్పుడు యంత్రం తోడు రాదు.

ప్రారంభ జ్ఞానం కొరవడితే ఎంతటి ప్రతిభకైనా ఎంత భారమో సుల్తాన్ ఖాన్ జీవితం చాటుతుంది. పంజాబుకు చెందిన ఆ మహామేధావి మన పాత నియమాలతోనే చదరంగం నేర్చాడు. ఇంగ్లండు వెళ్ళి 1929, 1932, 1933 సంవత్సరాలలో బ్రిటిష్ విజేతగా నిలిచాడు. ప్రపంచ విజేతగా వెలుగొందిన కాపాబ్లాంకాను సైతం ఓడించాడు. కాని ఇతరులు పుస్తకాలలో చదివి సునాయాసంగా ఆడే తొలి ఎత్తులను ఆయన ప్రతి ఆటలోను చెమటోడ్చి కనుగొనవలసివచ్చేది. ఆయన మరణించిన ఎన్నో ఏళ్లకు, 2024లో, ప్రపంచ చదరంగ సమాఖ్య గౌరవ గ్రాండ్‌మాస్టర్ బిరుదును ప్రకటించింది. ఆనాడు ఆయనకు అందని విద్య నేడు దివిసీమలోని పల్లె విద్యార్థికి ఒక పుస్తకంలోనో, చేతిలోని ఫోనులోనో దొరుకుతున్నది. దానిని అందుకోకపోతే తప్పు మనదే.

అభ్యసించే తీరు కూడా ముఖ్యమే. ఒక్క ఇటాలియన్ పద్ధతినే ముందుగా తీసుకొని, ప్రతి ఎత్తుకు కారణాన్ని మాతృభాషలో ఒక వాక్యంగా వ్రాసుకోవాలి. వ్రాయలేని ఎత్తు మనకు రాని ఎత్తని గ్రహించాలి. పోటీలో ఆడిన ప్రతి ఆటనూ నమోదు చేసుకొని, ఓడిన ఆటను గెలిచిన ఆట కంటె ఎక్కువసేపు పరిశీలించాలి. పట్టు చిక్కిన పిదపనే స్పానిష్ పద్ధతికి వెళ్ళాలి.

ఇది ఆటకే పరిమితమైన మాట కాదు. ఇంటర్మీడియట్ చదువుతున్న మన యువకులు సూత్రాలను, సమాధానాలను వల్లెవేస్తూ రెండేళ్లు గడిపివేస్తున్నారు. ప్రశ్న కొద్దిగా మారితే కలం ఆగిపోతున్నది. చదరంగానికి కేటాయించిన గంటను వ్యర్థమని భావించే తల్లిదండ్రులు ఒక్క విషయం ఆలోచించాలి. కారణం తెలియకుండా ఏ పనీ చేయరాదని ఇంత నిష్కర్షగా బోధించే పాఠం మరొకటి అరుదు. బల్ల మీద అన్నిటికంటె చిన్నది బంటు. అడుగడుగు సాగి ఆవలి ఒడ్డు చేరితే అదే మంత్రి అవుతుంది. హంసలదీవిలో పుట్టినా, మహానగరంలో పుట్టినా ఆ బంటు నడిచే గడులు సమానమే. మొదటి అడుగు ఎటు, ఎందుకు వేస్తున్నామో తెలిసి వేయడమే మన చేతిలో ఉన్నది.