సభ మాట్లాడే భాషలో విశ్లేషణ: పీఆర్‌ఎస్ లెజిస్లేటివ్ రీసెర్చ్‌కు బహిరంగ లేఖ



పీఆర్‌ఎస్ 2005లో ఢిల్లీలో మొదలైంది. స్థాపకులు సి.వి. మధుకర్, ఎం.ఆర్. మాధవన్. తొలినాళ్లలో సెంటర్ ఫర్ పాలసీ రీసెర్చ్ ఆధ్వర్యంలో నడిచి, తరవాత స్వతంత్ర సంస్థ అయింది. ఏ పార్టీ పక్షమూ వహించకుండా బిల్లులపై చట్టసభల సభ్యులకు సమాచారం అందించడం దాని పని. బిల్లులో ఏముందో ముందు వివరిస్తుంది. ఏ నిబంధనతో ఏ చిక్కు రావచ్చో తరవాత చూపుతుంది. సమర్థించాలా, వ్యతిరేకించాలా అన్నది సభ్యుడికే వదిలేస్తుంది. సంస్థ విశ్వసనీయతకు మూలం ఈ సంయమనమే.

పార్లమెంటుతో మొదలైన ఈ పని క్రమంగా రాష్ట్రాలకూ విస్తరించింది. ఇది అవసరం కూడా: పోలీసు, ప్రజారోగ్యం, వ్యవసాయం, భూమి రాజ్యాంగం ఏడో షెడ్యూలు ప్రకారం రాష్ట్రాల జాబితాలోనివి. రాష్ట్రాల బడ్జెట్లను విశ్లేషించడంతో పాటు, శాసనసభల పనితీరుపై పీఆర్‌ఎస్ ఏటా నివేదిక ఇస్తోంది. 2023లో రాష్ట్రాల శాసనసభలు సగటున 22 రోజులే సమావేశమయ్యాయనీ, 44 శాతం బిల్లులు ప్రవేశపెట్టిన రోజునో మర్నాడో ఆమోదం పొందాయనీ తేల్చింది ఆ నివేదికే. డెబ్బై మందికి తగ్గని సభ్యులున్న సభలు ఏడాదికి కనీసం 90 రోజులు కూర్చోవాలని రాజ్యాంగ పనితీరు సమీక్షా సంఘం 2002లోనే సిఫారసు చేసింది.

వ్యవధి ఇంత తక్కువైనప్పుడు బిల్లును పరిశీలించే భారం ఒక్కో సభ్యుడిపైనే పడుతుంది. పార్లమెంటులో 1993 నుంచి శాఖలవారీ స్థాయీ సంఘాలున్నాయి. కేరళ సభలో 1980 నుంచి సబ్జెక్టు కమిటీలు బిల్లులు చూస్తున్నాయి. చాలా రాష్ట్రాల్లో మాత్రం బిల్లు కమిటీకి వెళ్లడం అరుదు. మంత్రి వెనుక శాఖాధికారులుంటారు. ఎమ్మెల్యేకు పరిశోధన సిబ్బంది ఉండరు.

దీనికి భాష తోడవుతుంది. రాజ్యాంగంలోని 210వ అధికరణం రాష్ట్ర అధికార భాషలో సభా కార్యకలాపాలు జరుపుకోనిస్తుంది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ సభల్లో చర్చ ఎక్కువగా తెలుగులోనే సాగుతుంది. 348వ అధికరణం ప్రకారం చట్టానికి ప్రామాణిక పాఠం మాత్రం ఇంగ్లిష్‌ది. పీఆర్‌ఎస్ విశ్లేషణలూ ప్రధానంగా ఇంగ్లిష్‌లోనే వస్తున్నాయి. ఫలితంగా సభలో మాట్లాడే భాష ఒకటి, ఆధారాలు దొరికే భాష మరొకటి.

సభలో ఆధారాలతో చర్చ లోపిస్తే ఏమవుతుందో చెప్పడానికి ఆంధ్రప్రదేశ్ భూమి హక్కుల (ల్యాండ్ టైటిలింగ్) చట్టం ఒక ఉదాహరణ. అది 2023 అక్టోబరు 31న అమల్లోకి వచ్చింది. ఆ చట్టం కింద టైటిల్ రిజిస్ట్రేషన్ అధికారికి ఏ అధికారాలుండేవి, వివాదాల్లో సివిల్ కోర్టుల పరిధి ఎంతమేరకు తగ్గింది అన్నవి ప్రతి పట్టాదారుకూ సంబంధించిన ప్రశ్నలు. వాటిపై జనంలో పెద్ద ఎత్తున చర్చ జరిగింది మాత్రం 2024 ఎన్నికల ప్రచారంలో, పార్టీల పరస్పర ఆరోపణల మధ్య. ఆ ఏడాది జూలైలోనే ఆ చట్టాన్ని రద్దు చేసే బిల్లును శాసనసభ ఆమోదించింది. చట్టం మంచిచెడ్డల మాట అటుంచితే, నిబంధనల మీద జరగాల్సిన చర్చ ప్రచార సభలకు వాయిదా పడింది.

ఈ నేపథ్యంలో సంస్థకు మూడు విన్నపాలు. మొదటిది, రెండు తెలుగు రాష్ట్రాల బడ్జెట్ విశ్లేషణలను పద్దులపై చర్చ ముగిసేలోపే తెలుగులో ఇవ్వడం. రెవెన్యూ లోటు, ద్రవ్య లోటు వంటి మాటలు తెలుగు బడ్జెట్ ప్రసంగాల్లో ఎప్పటినుంచో ఉన్నవే కాబట్టి పరిభాష అడ్డంకి కాదు. రెండోది, భూమి, నీరు, విద్య, స్థానిక సంస్థలకు సంబంధించిన ముఖ్యమైన బిల్లులపై తెలుగులో క్లుప్త వివరణ. బిల్లు ఒక్కరోజులో ఆమోదం పొందినా ఈ శ్రమ వృథా కాదు. చట్టం కింద నియమాలు రూపొందేటప్పుడు, సవరణలు వచ్చినప్పుడు అదే వివరణ పనికొస్తుంది. మూడోది, ఎంపీల దగ్గర యువ పరిశోధకులను ఉంచేందుకు పీఆర్‌ఎస్ నడిపిన లాంప్ ఫెలోషిప్ తరహా ఏర్పాటును తెలుగు చదివి రాయగల యువతతో ఎమ్మెల్యేల కోసం కూడా చేపట్టడం. పాలక, ప్రతిపక్ష సభ్యులకు అది సమానంగా అందాలి.

సమావేశాల రోజులు పెంచడం, బిల్లులను కమిటీలకు పంపడం ఏ పరిశోధన సంస్థ చేతిలోనూ లేని పనులు. వాటి బాధ్యత ప్రభుత్వాలది, సభాపతులది. ఉన్న కొద్ది సమయంలోనైనా సభ్యుడు ఆధారాలతో మాట్లాడేలా చూడటం మాత్రం పీఆర్‌ఎస్ వల్ల అయ్యే పని.