19 సెకన్ల నాయిన

నా ఫోన్లో నాలుగు వేలకు పైగా ఫొటోలున్నాయి. నాయిన గొంతున్న వీడియో మాత్రం ఒక్కటే. 19 సెకన్లు. అదీ ఆయన్ని తీసింది కాదు. నేను కుక్కపిల్లను తీస్తుంటే వెనక నుంచి "ఆ మోటర్ బంద్ చేసి రాపో" అంటాడు. అంతే.

నాయిన పోయి ఏడాదిన్నర. నల్లగొండ జిల్లాలో మాకు బత్తాయి తోట ఉంది. బోర్లు ఎండితే ట్యాంకర్లతో నీళ్లు పోసి చెట్లను బతికించుకున్నాడు. ఆయన లేకపోయేసరికి అవి ఒక్కొక్కటే ఎండిపోతున్నాయి. కొట్టేద్దామంది అమ్మ. ఆలోపు వీడియో తీసి పెట్టుకుందామని, వీకెండ్ వస్తే హైదరాబాద్‌లో బస్సెక్కడం మొదలుపెట్టా.

అప్పుడే నెట్‌ఫ్లిక్స్‌లో ‘డిక్ జాన్సన్ ఈజ్ డెడ్’ చూశా. 2020లో వచ్చిన డాక్యుమెంటరీ. కిర్‌స్టెన్ జాన్సన్ అనే అమెరికన్ కెమెరావుమన్ తీసింది. వాళ్ల నాన్నకి మతిమరుపు జబ్బు. ఆయన బతికుండగానే ఆయన చావును రకరకాలుగా ఆయనతోనే నటింపజేస్తుంది. మెట్ల మీంచి పడ్డట్టు, నెత్తిన ఏసీ పడ్డట్టు. ఇద్దరూ నవ్వుకుంటారు కూడా. దేశదేశాలు తిరిగి షూట్ చేసిన ఆమె దగ్గర, అల్జీమర్స్ రాకముందు నాటి వాళ్లమ్మ వీడియో దాదాపు లేదట. నాన్న విషయంలో ఆమె ముందే మేల్కొంది. నేను లేటయ్యా.

మొదటి రోజే అమ్మ కస్సుమంది. "ఎందుకు తీస్తున్నవ్ రా? నేనేడిస్తే నలుగురికి చూపిద్దామనా?" ఫోన్ జేబులో పెట్టేశా. నా దగ్గర జవాబు లేదు మరి.

రెండు వారాలు చెట్లనే తీశా. బోరు మెకానిక్‌ని, కాయ తోలే ఆటో అన్నని కూర్చోబెట్టి అడిగా. ఒకరి బిడ్డ పెళ్లికి నాయిన అప్పు తెచ్చి మరీ ఇచ్చాడట. నాకు నాయిన తెలుసు, ఆ మనిషి తెలీదు.

మూడో వారం అమ్మే గట్టు మీది చెట్టు చూపించింది. "నువ్వు ఇంజినీరింగ్‌ల చేరిన యేడు పెట్టిండు. దీని మీదనే నీ ఫీజు కడతా అన్నడు. అది కాయ కాసేటాల్లకు నీ చదువే అయిపాయె!" అని నవ్వింది. నవ్వుతూనే ఏడ్చింది. కాసేపాగి "తీసినవా?" అంది. "లేదమ్మా." "మంచిది."

అమ్మ పుట్టిల్లు పాలమూరు దిక్కు, కల్వకుర్తి దగ్గర. అక్కడ చావింట్లో అవ్వలు శోకం తీసి ఏడుస్తారు. పోయినాయన ఎట్ల బతికిండో, ఎవరిని ఆదుకున్నడో రాగం తీసి చెబుతారు. చిన్నప్పుడు భయమేసేది. ఇప్పుడు చూస్తే అదీ డాక్యుమెంటరీయే. కాకపోతే దినాలయ్యాక ఇక ఎవరూ ఏమీ అడగరు. కెమెరా నాతో అడిగించింది.

1986లో అచ్చయిన ఒక ప్రయోగంలో జేమ్స్ పెన్నెబేకర్ అనే సైకాలజిస్టు, కాలేజీ విద్యార్థులతో రోజుకి 15 నిమిషాల చొప్పున నాలుగు రోజులు తమ బాధల్ని రాయించాడు. రాసిన రోజు బాధ ఎక్కువైంది. తర్వాతి నెలల్లో మాత్రం వాళ్లు డాక్టర్ దగ్గరికి వెళ్లడం తగ్గింది. మాకూ మొదట బాధే పెరిగింది.

సినిమా 11 నిమిషాలొచ్చింది. యూట్యూబ్‌లో పెట్టలేదు, అమ్మ వద్దంది. తోట కొట్టేశాం. గట్టు మీది చెట్టు ఉంచాం.

ఈసారి ఊరెళ్తే మీరూ ఒక గంట ఫోన్ ఆన్ చేసి మీవాళ్లని మాట్లాడించండి. ముందు అడగండి. వద్దంటే బంద్ చేసి, ఊరికే పక్కన కూర్చోండి.