ఇంటి అప్పు: నెల కిస్తు తెలుసు, మొత్తం తెలుసా?

మన సంఘాల్లో గృహప్రతిష్ఠ కూడిక లేని నెల అరుదు. షామియానా వేస్తారు, పాస్టరు గారు ప్రార్థన చేసి గుమ్మం తెరుస్తారు, బంధువులు, సంఘస్తులు కలిసి భోజనం చేస్తారు. ఏళ్ళ తరబడి అద్దె ఇళ్ళు మారిన కుటుంబం సొంత గడపలో అడుగుపెట్టడం నిజంగా సంతోషించవలసిన విషయం. ఆ రోజున ఎవరైనా దగ్గరివారు "అప్పు ఎంతైంది?" అని అడిగితే, తడుముకోకుండా వచ్చే జవాబు ఒకటే: "నెలకు ఇరవై ఆరు వేలు కడుతున్నామండి." మొత్తం మీద ఎంత కడతారని అడిగితే మాత్రం చాలామంది దగ్గర జవాబు ఉండదు. ఆ సంఖ్య అప్పు కాగితాల్లోనే ఉంటుంది. సంతకాలు పెట్టే తొందరలో దాన్ని చదివినవారు తక్కువ.

2025 ఫిబ్రవరి నుంచి జూన్ లోపు రిజర్వు బ్యాంకు రెపో రేటును 6.50 శాతం నుంచి 5.50 శాతానికి తగ్గించింది. వడ్డీలు దిగివచ్చాయి కాబట్టి ఇల్లు కొనడానికి ఇదే మంచి తరుణమని ప్రకటనలు పిలుస్తున్నాయి. ఇల్లు కొనవద్దని మేము చెప్పడం లేదు. అద్దె కూడా తిరిగి రాని డబ్బే. అప్పు లేకుండా ఇల్లు కొనగలిగే జీతగాళ్ళు మనలో ఎందరు? కానీ గోపురం కట్టదలచినవాడు ముందుగా కూర్చుని ఖర్చు లెక్క చూసుకుంటాడని ప్రభువు చెప్పిన మాట లూకా సువార్త 14వ అధ్యాయంలో మనమందరం చదివినదే. ఆ లెక్కను ఈసారి ఇంటి అప్పుకు వేసి చూద్దాం.

ముప్పై లక్షలకు అరవై రెండు లక్షలు

ఒక కుటుంబం రూ.30 లక్షలు, 8.5 శాతం వడ్డీకి, 20 ఏళ్ళ గడువుకు తీసుకుందనుకుందాం. నెల కిస్తు సుమారు రూ.26,035. ఇలాంటివి 240 కట్టాలి. వడ్డీ రేటు ఏమీ మారకపోతే చివరికి కట్టేది రూ.62.48 లక్షలు. అందులో అసలు 30 లక్షలు, వడ్డీ 32.48 లక్షలు.

మన పల్లెల్లో వడ్డీని నూటికి నెలకు ఇంత అని చెప్పుకుంటారు. ఆ లెక్కన 8.5 శాతమంటే నూటికి నెలకు దాదాపు 71 పైసలు. రెండు రూపాయలకూ మూడు రూపాయలకూ అప్పు తెచ్చి నలిగిపోయినవారికి ఇది ధర్మవడ్డీలా కనిపిస్తుంది. రేటు తక్కువన్న మాట నిజమే. భారమంతా గడువులో ఉంది. 71 పైసలైనా 240 నెలలు నడిస్తే అసలును దాటిపోతుంది.

మొదటి నెల కట్టిన రూ.26,035లో వడ్డీకి పోయేది రూ.21,250. అసలులో తగ్గేది రూ.4,785 మాత్రమే. ఐదేళ్ళు ఒక్క నెల కూడా తప్పకుండా కడితే రూ.15.62 లక్షలు కట్టినట్టు. అప్పటికి మిగిలిన అసలు రూ.26.44 లక్షలు. పదేళ్ళు పూర్తయ్యేసరికి రూ.31.24 లక్షలు, అంటే తీసుకున్న మొత్తం కంటే ఎక్కువే కట్టేసి ఉంటారు. అయినా ఇంకా దాదాపు 21 లక్షలు బాకీ ఉంటుంది. అసలులో సగం తీరేది పద్నాలుగో ఏడు ముగిసే రోజుల్లో.

ఇందులో మోసమేమీ లేదు. ప్రతి నెలా మిగిలి ఉన్న అసలు మీద వడ్డీ లెక్కిస్తారు. మొదట్లో అసలు ఎక్కువ కాబట్టి కిస్తులో ఎక్కువ భాగాన్ని వడ్డీయే తీసుకుంటుంది. ఈ పద్ధతి తెలియనివారు పదేళ్ళ తరువాత బ్యాంకుకు వెళ్ళి, "ఇంత కట్టినా ఇంకా ఇంత బాకీయా?" అని నివ్వెరపోతారు.

గడువు పెంచితే కిస్తు తగ్గుతుందని ఆశపడేవారు మరో లెక్క కూడా చూడాలి. అదే అప్పును 30 ఏళ్ళకు తీసుకుంటే కిస్తు రూ.23,067. నెలకు మూడు వేల రూపాయలు మిగిలినట్టు కనిపిస్తుంది. కానీ కట్టే మొత్తం రూ.83 లక్షలు దాటుతుంది. అంటే 20 లక్షలకు పైగా అదనం. అదే 15 ఏళ్ళకైతే కిస్తు రూ.29,542, మొత్తం రూ.53.18 లక్షలు.

రేటు మారినప్పుడు

మన ఇంటి అప్పుల్లో ఎక్కువభాగం మారే వడ్డీ మీద నడిచేవే. 2019 అక్టోబరు నుంచి బ్యాంకులు ఇచ్చే కొత్త ఇంటి అప్పుల్లో మారే వడ్డీని రెపో వంటి బయటి కొలమానానికి ముడిపెట్టాలని రిజర్వు బ్యాంకు ఆదేశించింది. రెపో 2020లో 4 శాతానికి దిగింది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి లోపు 6.50కి ఎక్కింది. పది నెలల్లో రెండున్నర శాతం.

చాలా కుటుంబాలకు ఆ దెబ్బ వెంటనే తెలియలేదు. నెల కిస్తు మారలేదు కదా అనుకున్నారు. కిస్తును అలాగే ఉంచి గడువును పొడిగించడం జరిగింది. 7 శాతానికి 30 లక్షలు తీసుకుని ఏడాది కట్టిన కుటుంబానికి వడ్డీ 9.5 శాతానికి చేరిందనుకోండి. వారి కిస్తు రూ.23,259. ఆ నెల వడ్డీయే రూ.23,185. అసలుకు జమ అయ్యేది వంద రూపాయలు కూడా కాదు! ఇంటి పెద్ద అరవై ఏళ్ళకు పదవీ విరమణ చేసినా అప్పు మాత్రం విరమించని పరిస్థితి ఇలాగే వస్తుంది.

అందుకే 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు స్పష్టమైన ఆదేశం ఇచ్చింది. వడ్డీ మారినప్పుడు కిస్తు మీద, గడువు మీద దాని ప్రభావాన్ని బ్యాంకు మనకు తెలియజేయాలి. కిస్తు పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, రెండూ కొంత కొంత మార్చుకోవాలా అన్నది మనం ఎంచుకునే వీలు కల్పించాలి. ఇప్పటిదాకా ఎంత అసలు, ఎంత వడ్డీ జమ అయిందో, ఇంకా ఎన్ని కిస్తులు ఉన్నాయో మూడు నెలలకొకసారి లెక్క అందుబాటులో ఉంచాలి. ఆ లెక్కను మీలో ఎంతమంది తెరిచి చూశారు?

రేటు తగ్గినప్పుడు కూడా ఎంపిక ఉంటుంది. 30 లక్షల బాకీ, 20 ఏళ్ళ గడువు ఉండగా వడ్డీ 9 నుంచి 8 శాతానికి తగ్గితే కిస్తు రూ.26,992 నుంచి రూ.25,093కు తగ్గించుకోవచ్చు. నెలకు పంతొమ్మిది వందలు చేతిలో మిగులుతాయి. పాత కిస్తునే కొనసాగిస్తే దాదాపు మూడేళ్ళ ముందే అప్పు తీరుతుంది, ఐదు లక్షలకు పైగా మిగులుతుంది. ఇల్లు గడవడమే కష్టంగా ఉన్నవారు కిస్తు తగ్గించుకోవడంలో తప్పులేదు. ఇప్పటిదాకా ఇబ్బంది లేకుండా కడుతున్నవారు మాత్రం కిస్తును తగ్గనివ్వకండి.

కిస్తులో కనిపించని ఖర్చులు

బ్యాంకు ఇంటి ధర మొత్తం ఇవ్వదు. రిజర్వు బ్యాంకు నిబంధనల ప్రకారం 30 లక్షల వరకు అప్పుకు ఇంటి విలువలో 90 శాతం, అంతకు మించి 75 లక్షల వరకు 80 శాతమే గరిష్ఠ పరిమితి. స్టాంపు డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఖర్చులను సాధారణంగా ఆ విలువలో కలపరు. మన రెండు రాష్ట్రాల్లో అవి సుమారు ఏడున్నర శాతం. 40 లక్షల ఇంటికి 3 లక్షలు. చేతిలో పొదుపు లేని కుటుంబం ఈ సొమ్ము కోసం బంగారం తాకట్టు పెడుతుంది, చేబదులు తెస్తుంది, చిట్టీ ముందుగా పాడుకుంటుంది. ఆ అప్పులన్నీ కలిపితేనే ఇంటి అసలు లెక్క.

అప్పుతో పాటే బీమా పాలసీ అంటగట్టి, దాని ప్రీమియం కూడా అప్పులో కలపడం మరొక సంగతి. లక్ష రూపాయల ప్రీమియం 20 ఏళ్ళ అప్పులో కలిస్తే, 8.5 శాతం వడ్డీతో చివరికి రూ.2.08 లక్షలు అవుతుంది. సంపాదించే మనిషికి బీమా అవసరమే. అయితే దాన్ని విడిగా, పోల్చి చూసుకుని తీసుకోవచ్చు. ఇంకా కడుతున్న ఫ్లాటు కొన్నవారు, విడుదలైన సొమ్ము మీద కట్టే వడ్డీ అసలును ఒక్క రూపాయి కూడా తగ్గించదని గుర్తుంచుకోవాలి. నిర్మాణం ఆలస్యమైతే ఇటు అద్దె, అటు వడ్డీ.

"పన్నులో కలిసివస్తుంది" అన్న మాట కూడా జాగ్రత్తగా వినాలి. పాత పన్ను విధానంలో సొంతంగా ఉంటున్న ఇంటి వడ్డీ మీద ఏడాదికి 2 లక్షల వరకే మినహాయింపు. కొత్త విధానంలో అదీ లేదు.

చేతనైన మేలు

2024 అక్టోబరు నుంచి అప్పు ఇచ్చే ప్రతి సంస్థా సంతకానికి ముందే ముఖ్య వివరాల పత్రం ఇవ్వాలి. ఫీజులన్నీ కలిపిన వార్షిక వడ్డీ రేటు అందులో ఉంటుంది. దాన్ని ఇంటికి తెచ్చుకుని భార్యాభర్తలిద్దరూ చదవండి. తరువాతే సంతకం.

ఇల్లు వ్యాపారానికి కాక వ్యక్తిగతంగా తీసుకున్న మారే వడ్డీ అప్పును ముందుగా తీర్చినందుకు జరిమానా వేయకూడదు. పై ఉదాహరణలోని 30 లక్షల అప్పుకు ఏడాదికి ఒక్క కిస్తు అదనంగా అసలుకు కడితే, 20 ఏళ్ళ అప్పు పదహారేళ్ళ ఎనిమిది నెలల్లో తీరుతుంది. వడ్డీలో సుమారు ఆరు లక్షలు తగ్గుతాయి. బోనస్ వచ్చినా, పొలం మీద నాలుగు డబ్బులు వచ్చినా మొదటి ఏళ్ళలో అసలుకు కట్టడం మేలు. అప్పు పూర్తిగా తీరిన 30 రోజుల్లో దస్తావేజులు తిరిగి ఇవ్వాలి. సంస్థ తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు రూ.5,000 చొప్పున పరిహారం ఇవ్వాలని 2023 సెప్టెంబరు ఆదేశం.

జామీను సంతకం గురించి కూడా ఒక మాట. సంఘ పెద్ద అనో, మొహమాటంతోనో ఇతరుల అప్పుకు సంతకం పెట్టేవారు మనలో ఉన్నారు. 1872 నాటి భారత ఒప్పందాల చట్టం 128వ సెక్షన్ ప్రకారం, ఒప్పందంలో వేరేగా రాసుకోకపోతే, అప్పు తీసుకున్నవాడికి ఎంత బాధ్యతో జామీనుదారుకూ అంతే. అతడు కట్టకపోతే మీరు కట్టాలి. మీ పిల్లల చదువుల సొమ్ముతో కట్టగలిగితేనే సంతకం పెట్టండి.

సంఘం చేయవలసింది

కిస్తులు 90 రోజులు దాటి ఆగితే ఆ ఖాతా మొండిబాకీ అవుతుంది. ఆ తరువాత 2002 నాటి సర్ఫేసీ చట్టం కింద 60 రోజుల నోటీసు ఇచ్చి, కోర్టుకు వెళ్ళకుండానే ఇంటిని స్వాధీనం చేసుకునే అధికారం బ్యాంకుకు ఉంది. ఈ నోటీసు అందుకున్న కుటుంబం సాధారణంగా చేసేది ఒక్కటే: ఎవరికీ చెప్పకుండా దాచడం. ఉద్యోగం పోయిందనీ, జబ్బు చేసిందనీ చెప్పుకోగలరు కానీ, కిస్తు కట్టలేకపోతున్నామని గృహప్రతిష్ఠకు వచ్చి భోంచేసిన వారితో చెప్పుకోలేరు. ఆదివారం మందిరంలో కనబడటం మానేస్తారు. ఇంకొక అప్పు ఎక్కువ వడ్డీకి తెస్తారు. ఆ రెండో అప్పే ఇంటిని ముంచుతుంది.

నెహెమ్యా గ్రంథం 5వ అధ్యాయంలో పొలాలు, ద్రాక్షతోటలు, ఇండ్లు కుదువపెట్టినవారి మొర ఉంది. అది కరువులో సహోదరులే సహోదరుల దగ్గర వడ్డీ తీసిన కాలం. నేటి బ్యాంకు అప్పుతో దాన్ని ఒకటిగా చూడలేం. అయితే ఆ రోజు నెహెమ్యా ఆ బాధను సభలో అందరి ముందూ ఎత్తి మాట్లాడాడు. అప్పు మన దగ్గర గుసగుసగానే ఉండిపోతోంది.

ప్రతి సంఘంలోనూ బ్యాంకు ఉద్యోగులో, విశ్రాంత అకౌంటెంట్లో, లెక్కలు చెప్పే టీచర్లో ఉంటారు. ఏడాదికి రెండుసార్లు ఆరాధన తరువాత ఒక గంట వారిని కూర్చోబెట్టండి. ఇల్లు కొనబోయేవారు తమ ముఖ్య వివరాల పత్రం తెచ్చి చూపించుకోవచ్చు. ఇప్పటికే అప్పులో ఉన్నవారు తమ మూడు నెలల లెక్క తెచ్చుకోవచ్చు. కిస్తు తప్పబోతున్నవారిని మొదటి నెలలోనే బ్యాంకుకు వెంటబెట్టుకుని వెళ్ళే మనిషి ఒకరుంటే, గడువు మార్పు అడగవచ్చు, నోటీసు దాకా రాకుండా ఆపవచ్చు.

పాస్టరు గార్లకు మా విన్నపం ఒకటి. ఈసారి ఇల్లు కొంటున్నామని చెప్పి ప్రార్థన కోరిన కుటుంబాన్ని, సంతకానికి ముందే, ఈ ఒక్క ప్రశ్న అడగండి: "నెలకు ఎంతో చెప్పారు, మొత్తం ఎంత కడతారు?" జవాబు తెలియకపోతే, తెలుసుకుని రమ్మనండి. ప్రార్థన ఆ తరువాత చేయవచ్చు.