బొట్టు పెట్టి పిలవాలా, కార్డు ఇస్తే చాలా?

ముహూర్తం పెట్టుకున్న ఇంట్లో ఓ సాయంత్రం నోటుబుక్కు, పెన్ను పట్టుకుని కూర్చోక తప్పదు. మావారు తన ఆఫీసు వాళ్లతో మొదలుపెట్టారు. అత్తగారు తన పుట్టింటి వాళ్లతో, నేను మా చిన్నమ్మ పిల్లలతో. రాత్రి భోజనాల వేళకి 600 పేర్లయ్యాయి. ఫంక్షన్ హాల్లో మేం మాట్లాడుకున్న భోజనాలు 400! ఇక చూడండి, "మీవాళ్లు ఎక్కువున్నారు" అంటే "మీవాళ్లే ఎక్కువున్నారు" అని మొదలైంది. మీ ఇంట్లో ఇలాంటిది జరగలేదంటే మీరు అదృష్టవంతులే.

లిస్టు రాసేముందు ఇంట్లో పాత పుస్తకం ఒకటి వెతకండి. ఇదివరకటి పెళ్లిలో చదివింపులు రాసుకున్న నోటుబుక్కు. మా ఆడబిడ్డ పెళ్లినాటిది అత్తగారి ట్రంకుపెట్టె అడుగున దొరికింది. మేం పూర్తిగా మరిచిపోయిన పదిహేను ఇళ్లు అందులో బయటపడ్డాయి. ఆనాడు చేతిలో డబ్బు లేకపోయినా స్టీలు బిందె తెచ్చి చదివించిన వాళ్లని వదిలేసి, మొన్న పరిచయమైన వాళ్లకి కార్డు పంపితే ఏం బాగుంటుంది? తీసేయాల్సి వస్తే ముఖపరిచయాల నుంచి తీయండి. 'ఆయన వస్తే మనకు గొప్ప' అనుకుని రాసిన పేర్లు కూడా. మావారు దీనికి ఒప్పుకోవడానికి రెండు రోజులు పట్టింది, అది వేరే సంగతి.

పేరు పక్కన 'ఎంతమంది' అని కూడా రాయండి. మా జహీరాబాద్ వైపు 'చూలాబంద్ దావత్' అంటారు. అంటే ఆ పూట వాళ్లింట్లో పొయ్యి వెలిగించే పని లేకుండా ఇంటిల్లిపాదీ రావాలని. కార్డు మీద అందరికీ ఒకటే 'సకుటుంబ సపరివార సమేతంగా' అని అచ్చు వేయిస్తాం కాబట్టి, తేడా నోటితోనే చెప్పాలి. దగ్గరవాళ్లకి "ఆ రోజు మీ ఇంట్లో పొయ్యి వెలిగించొద్దు" అనండి. మిగతావాళ్లకి "మీరిద్దరూ వచ్చి ఆశీర్వదించాలి" అంటే వాళ్లకే అర్థమవుతుంది. నోరు తెరవకుండా కార్డు చేతిలో పెట్టి వచ్చేసి, తర్వాత భోజనాలు చాలలేదని వంటవాళ్ల మీద పడితే లాభంలేదు.

ఒకే ఇంట్లో ఉంటూ వేరుపడ్డ అన్నదమ్ములుంటే కార్డులు రెండివ్వాలి. ఒక్క కార్డు మీద ఇద్దరి పేర్లూ రాస్తే ఇద్దరూ రారు. ఏడాది లోపల చావు జరిగిన ఇంటికి 'వాళ్లెలాగూ రారు కదా' అని వెళ్లకుండా ఉండకండి. వెళ్లి కూర్చుని మంచీచెడూ అడిగి, పెళ్లి సంగతి చెప్పి రండి. రావడం, మానడం వాళ్ల ఇష్టం.

కార్డు ప్రింటింగుకి ముందు మా పెళ్లిపత్రికలో ఒక చిక్కొచ్చింది. మా చుట్టాల్లో సగంమంది బీదర్, హుమ్నాబాద్ వైపు ఉంటారు. వాళ్ల పిల్లలకి తెలుగు చదవడం రాదు. అందుకని ఒకవైపు తెలుగు, ఒకవైపు కన్నడం వేయించాం. హైదరాబాదులో ఛత్తాబజార్‌కి వెళితే ఉర్దూ కార్డులు కూడా అచ్చువేసి ఇస్తారు. అచ్చుకిచ్చేముందు అమ్మాయి, అబ్బాయి పేర్లు ఆధార్‌లో ఉన్నట్టే ఉన్నాయా చూసుకోండి. పెళ్లి రిజిస్ట్రేషన్ దరఖాస్తుకి ఆ కార్డే జతచేయాలి.

మా ఎదురింటి ఖాలా ఇంట్లో పెళ్లిళ్లయితే మాకోసం ప్రత్యేకంగా శాకాహారం వండిస్తారు. ఆవిడని పిలవడానికి వెళ్లినప్పుడు కుంకుమ భరిణె బయటికి తీయలేదు. మిఠాయి డబ్బా చేతికిచ్చి "మీరు లేకుంటే పెళ్లే లేదు ఖాలా" అన్నాను. ముస్లిం ఇళ్లని పిలిచేటప్పుడు ముహూర్తం రంజాన్ ఉపవాసాల్లో పడుతుందేమో ముందే చూసుకోవడం మంచిది. పడితే ఇఫ్తార్ తర్వాత వచ్చేలా రిసెప్షన్‌కి పిలవచ్చు.

మరి పిలవలేని వాళ్ల మాటేమిటంటారా? 2020 మే నెలలో కరోనా వల్ల పెళ్లికి 50 మందికి మించకూడదని కేంద్రం నిబంధన పెట్టింది కదా. ఆ రోజుల్లో మా వీధిలో ఒక పెళ్లి జరిగింది. పెళ్లికూతురి తల్లి ముహూర్తానికి ముందే ఇల్లిల్లూ ఫోన్ చేసి, "పిలవలేకపోతున్నా వదినా, మనసులో పెట్టుకోకండి" అని చెప్పింది. ఒక్కరు కూడా తప్పు పట్టలేదు. నిబంధన ఉంది కాబట్టి అనుకోవచ్చు మీరు. కానీ ఆ నెలలోనే ఇంకో ఇంట్లో చడీచప్పుడు లేకుండా పెళ్లి చేశారు. ఆ ఇంటి గడప నేటికీ కొందరు తొక్కరు. పెళ్లయ్యాక ఎవరో చెబితే తెలియడం వేరు, మన నోటితో ముందే తెలియడం వేరు. వాట్సాప్‌లో కార్డు పెట్టడం తప్పు కాదు గానీ, అది పిలిచిన తర్వాత గుర్తుచేయడానికి మాత్రమే.

ఇంతా చెప్పే నేను మా పెద్దమ్మాయి పెళ్లిలో చేసిన తప్పు చెప్పకపోతే ఈ కాలమ్ రాసే అర్హత నాకుండదు. మావారికి చిన్నమ్మ ఒకావిడ ఉంది. భర్త పోయి చాలా ఏళ్లయింది. మావారిని చిన్నప్పుడు తన దగ్గర పెట్టుకుని బడికి పంపింది. మొదటి కార్డు ఝరాసంగం కేతకీ సంగమేశ్వరస్వామి దగ్గర పెట్టడానికి వెళ్తూ ఆవిడ ఊరు మీదుగానే పోయాం. బొట్టు పెట్టి పిలవలేం, పెట్టకుండా పిలిస్తే నొచ్చుకుంటుందేమో అని కారులో మాలో మేమే తర్జనభర్జన పడ్డాం. ఆవిడని అడిగిందెవరు? చివరికి కారు దిగకుండా, తెలిసిన పిల్లవాడి చేతికి కార్డిచ్చి పంపేశాం.

పెళ్లికి రాలేదు. అమ్మాయికి చీర మాత్రం పంపింది. నెల తర్వాత నేనే వెళ్లాను. చాప వేసి, చాయ్ పెట్టి, అందరి క్షేమం అడిగింది. పెళ్లి మాట ఎత్తలేదు. నేనే ఉండబట్టలేక "కార్డు అందిందా చిన్నత్తమ్మా?" అన్నాను.

"అందింది బిడ్డా. కారు గూడ కనవడ్డది" అంది.

ఆ మాటకి నాకు చాయ్ గొంతు దిగలేదు.

పోయినేడు చిన్నమ్మాయి పెళ్లికి, స్వామి దగ్గర కార్డు పెట్టాక నేరుగా ఆవిడ ఇంటికే వెళ్లాం. మావారు, నేను, అమ్మాయి ముగ్గురం కాళ్లకి దండం పెట్టాం. పళ్లెంలో పళ్లు, చీర, కార్డు పెట్టి ఇచ్చాం. మా అత్తగారు కుంకుమ సంగతేమిటని అంతకుముందే కంగారుపడ్డారు. "మిమ్మల్నే అడుగుతున్నా చిన్నత్తమ్మా, బొట్టు పెట్టమంటారా?" అని నేను అడిగేశాను. ఆవిడ నవ్వి, "నాకెందుకే? పిల్లకి నేను పెడ్తా, ఇటు తే" అని భరిణె అందుకుంది. మా అత్తగారు ఏమీ అనలేదు.

లగ్గానికి నాలుగు రోజుల ముందే సంచీతో మా ఇంట్లో దిగింది. పసుపు దంచేరోజు రోలు దగ్గర కూర్చుని, ఆడపిల్లలకి పాటలు అందించింది కూడా.